మైక్రోమౌస్ చూసిన బూడిదరంగు

మా నాన్న పది వేళ్ల గురించి నేను భయపడడం మొదలుపెట్టిన రోజుల్లోనే మైక్రోమౌస్ అన్న మాట మా ఇంట్లోకి వచ్చింది. రెండింటికీ సంబంధం ఉందని అప్పటికి నాకు తెలియదు.

మాది పేపరు మిల్లు ఉన్న సారపాక. నాన్న ఒక చిన్న కటింగ్ షెడ్డులో కాంట్రాక్టు మీద పనిచేసేవాడు. డబ్బాలు చేయడానికి వాడే మందపాటి అట్టను అక్కడ కొలతకు కోస్తారు. పెద్ద బ్లేడు పైనుంచి దిగుతుంది. దాని కింద అట్టల దొంతరను గీతకు సరిగ్గా జరిపేది మాత్రం చేత్తోనే. అదే షెడ్డులో ఒకాయనకు చూపుడువేలు సగమే ఉండేది. ఇరవై ఏళ్లు ఆ బ్లేడు ముందు నిలబడినా నాన్నకు పదీ ఉన్నాయి. ఆ సంగతి ఎవరైనా ఎత్తితే ఆయన మీసం కొంచెం కదిలేది.

ఆ వేసవి నుంచి నాకు కొన్ని కనబడసాగాయి. టీ గ్లాసులో పోయబోయి అంచు మీద పోసేవాడు. కాలికి గడప తగిలితే గడపను తిట్టేవాడు. ఒక ఆదివారం చర్చిలో వాక్యం చదివే వంతు వస్తే బైబిలు తెచ్చి నా ఒళ్లో పెట్టాడు. "గొంతు బాగలేదు, నువ్వు చదువు బిడ్డా," అన్నాడు. ఆ తర్వాత పాటలో అందరికంటే గట్టిగా వినబడింది ఆయన గొంతే.

"నాన్నా, కండ్లు చూపిచ్చుకుందాం," అన్నాను ఇంటికి వచ్చేటప్పుడు.

"నా కండ్లకేమైంది? నువ్వు బస్సెక్కినంక మలుపు తిరిగేదాక కనబడుతనే ఉంటవు గదా."

బస్సు కనబడుతుంది, నేను కాదు. ఆ మాట నోటిదాకా వచ్చింది, మింగేశాను. ఇంట్లో నా మాటకు విలువ తక్కువని కూడా ఒప్పుకోవాలి. నేను పొయ్యి ఆర్పామో లేదో అని సగం దారిలోంచి ఫోను చేసే మనిషిని. తలుపు గొళ్లెం మూడుసార్లు లాగి చూసే మనిషిని. "దానికి భయపడుడే పని," అని అమ్మ నవ్వేది. అలాంటిదాన్ని నిజంగా భయపడ్డా ఎవరు పట్టించుకుంటారు?

అప్పుడు నేను ఖమ్మంలో ఎలక్ట్రానిక్స్ డిప్లొమా చివరి ఏడాదిలో ఉన్నాను. హాస్టల్లో ఉండి శని, ఆదివారాలు ఇంటికి వచ్చేదాన్ని. ప్రాజెక్టుకు మైక్రోమౌస్ తీసుకున్నాను. ఆ మాట వినగానే అమ్మ, "ఎలుకను పట్టేదా?" అంది. పట్టేది కాదు, తనే ఎలుకలా తిరిగేది అని చెప్పడానికి ఒక సాయంత్రం పట్టింది.

మైక్రోమౌస్ అంటే అరచేతిలో పట్టే చక్రాల బండి. దానికి వైరు ఉండదు, రిమోటు ఉండదు. గోడలు కట్టిన చిక్కుదారిలో ఒక మూల వదిలితే తనంతట తానే తోవ వెతుక్కుంటూ నడిమధ్య గడికి చేరాలి. ప్రతి చిన్న రోబోనూ అలా పిలవరు. నేల మీద నల్లగీతను పట్టుకుని పోయే బండికి ఆ పేరు చెల్లదు, రిమోటుతో నడిపేదానికి అసలే చెల్లదు. పోటీని కూడా అదే మాటతో పిలుస్తారు. "మైక్రోమౌస్‌కు పోతున్నావా?" అని అడిగితే పోటీకి పోతున్నావా అని అర్థం. మా ల్యాబులో మాత్రం ఉత్త మౌస్ అనేవాళ్లం. "మౌస్ దింపావా?", "నా మౌస్ గోడకు తగిలింది," ఇలా.

దాని మొదటి తిరుగుడును సెర్చ్ రన్ అంటారు. అది మెల్లగా పోతుంది, మూసుకుపోయిన సందుల్లోకి వెళ్లి తిరిగి వస్తుంది, ఎక్కడ గోడ ఉందో ఎక్కడ లేదో గుర్తు పెట్టుకుంటుంది. తర్వాతది స్పీడ్ రన్. గుర్తున్న దారిలో దగ్గరిది ఎంచుకుని ఒక్క ఊపున పోతుంది. మొదటిదాంట్లో గోడను తప్పుగా చూసిందంటే రెండోదాంట్లో అదే తప్పు ఇంకా జోరుగా చేస్తుంది. ఇక నేను అన్నిటికంటే భయపడిన నియమం ఒకటుంది. ఒకసారి వదిలాక దాన్ని ముట్టుకోకూడదు. ఎక్కడ ఇరుక్కున్నా, ఎటు పోయినా మనం చేతులు కట్టుకుని చూడాలి. నాలాంటి దానికి అంతకంటే శిక్ష లేదు.

ఇంట్లో పరీక్షించుకోవడానికి చిక్కుదారి కావాలి. "అట్ట పనేగా, నేను జేస్త," అన్నాడు నాన్న. ఆయన ముఖం వెలిగిపోయింది. నా చదువులో ఆయన చేయి పడే పని దొరకడం అదే మొదటిసారి.

మా సారపాకలో ఆ అట్టను ఎరగని ఇల్లుండదు. ఒకవైపు తెల్లగా నున్నగా, రెండోవైపు బూడిదరంగులో గరుకుగా ఉంటుంది. మేం పుస్తకాలకు అట్టలు వేసినా, బట్టల పెట్టె అడుగున పరిచినా తెల్లవైపే పైకి ఉంచుతాం. ఎవరూ నేర్పనక్కర్లేదు. చిన్నప్పుడు నేను బూడిదవైపు పైకి వేసి పుస్తకం తీసుకుపోతే క్లాసంతా నవ్వింది. అయినా నాన్నకు పదేపదే చెప్పాను. "రెండు పట్టీలు బూడిదవైపులు కలిపి అతికియ్యాలె నాన్నా. గోడకు రెండు దిక్కులా తెలుపే కనబడాలె."

"నాకు జెప్తున్నవా నువ్వు?" అన్నాడు. నిజమే కదా అనుకుని నోరు మూసుకున్నాను.

సోమవారం కాలేజీలో ప్రదర్శన. శనివారం పొద్దున ఇంటికి వచ్చేసరికి వరండాలో చిక్కుదారి తయారుగా ఉంది. గోడలన్నీ ఒకే ఎత్తు, మూలలు కత్తిరించినట్టు ఉన్నాయి. మౌస్‌ను మూలలో పెట్టి వదిలాను. మూడు గడులు చక్కగా పోయింది. నాలుగో గడిలో కుడివైపుకు ఒరిగి గోడను రాసుకుంటూ ఆగిపోయింది. మళ్లీ వదిలాను. మళ్లీ అక్కడే. అది దాటించి పెడితే ఇంకోచోట గోడకు తగిలింది.

బ్యాటరీలు మార్చాను. చక్రాలు విప్పి బిగించాను. ఎండ పడుతోందేమోనని వరండాకు దుప్పటి కట్టాను. ప్రోగ్రాం మొత్తం మొదటినుంచి చదివాను. మధ్యాహ్నం అన్నం కలుపుకుని తినకుండా కూర్చుంటే అమ్మ కంచం తీసుకుపోయింది. నేను చేసిన తప్పేదో ఉంది, అది నాకు కనబడడంలేదు, సోమవారం అందరిముందూ కనబడుతుంది. ఇదొక్కటే తలలో తిరిగింది.

నాలుగు గంటలప్పుడు నడుం పట్టేసి లేచి నిలబడ్డాను. పైనుంచి కాకుండా వంగి ఓ పక్కనుంచి చిక్కుదారిలోకి చూశాను. నాలుగో గడిలో కుడివైపు గోడ బూడిదరంగులో ఉంది. పొద్దుట్నుంచీ దాని ముందే కూర్చుని ఆ గోడ పైఅంచు తప్ప చూడనేలేదు. వెతికితే అలాంటివి పదకొండు తేలాయి.

మౌస్‌కు కళ్లుండవు. కంటికి కనబడని కాంతిని గోడ మీద వేసి, ఎంత తిరిగొచ్చిందో చూసి దూరం లెక్క కడుతుంది. తెల్లగోడ నుంచి ఎక్కువ తిరిగొస్తుంది, బూడిదగోడ నుంచి తక్కువ. తక్కువ వస్తే గోడ దూరంగా ఉందనుకుంటుంది. అందుకే కుడివైపు చాలా చోటుందనుకుని అటు ఒరిగింది. నా ప్రోగ్రాంలో తప్పులేదు. ఆ మాట తెలియగానే కలిగిన సంతోషం ఒక్క నిమిషం నిలిచింది. తర్వాత కోపం వచ్చింది.

"నాన్నా! ఇట్రా. ఇంత చెప్తి గదా నీకు, బూడిదవైపు బయటికి పెట్టినవేంది?"

నాన్న వచ్చాడు, వంగి చూశాడు. "యాడ?"

"ఇగో. ఇగో ఇది."

ఆయన గోడ దగ్గరికి ముఖం తీసుకుపోయాడు. చాలాసేపు చూశాడు. "అంత తెల్లగనే ఉన్నది గదా బిడ్డా," అన్నాడు.

నా కోపం ఎటు పోయిందో తెలియదు. మిగిలిన ముక్కల్లోంచి రెండు పట్టీలు తీసి, ఒకటి తెల్లవైపు, ఒకటి బూడిదవైపు తిప్పి, గుమ్మం వెలుగులో ఆయన ముందు పట్టుకున్నాను. "ఏది తెలుపు?"

"ఏం పరీక్షలే నీయి?" అని నవ్వి ముట్టుకోబోయాడు. చేతులు వెనక్కి లాక్కున్నాను. ముడితే చెప్పేస్తాడు, ఆ వేళ్లకు ఆ అట్ట అంత తెలుసు. అతికించేటప్పుడు వేళ్లనిండా జిగురు ఉండబట్టి నున్నన, గరుకు తెలియలేదు. కళ్లను నమ్ముకున్నాడు.

"ముట్టొద్దు. చూసి చెప్పు."

ఆయన నవ్వు ఆగింది. ఒకదాన్ని చూపించాడు. అది బూడిదది.

అమ్మ గుమ్మంలో నిలబడి ఉంది. "నాకు ఎర్కే," అంది చిన్నగా. "బియ్యంల రాళ్లు ఏరుతనని కూసుంటడు, రాళ్లు అట్లనే ఉంటయి. అడిగితే పని పోతదని అడగలే." ఇన్నాళ్లూ నన్ను చూసి నవ్విన అమ్మే అలా అంది. నా భయం నిజమైనందుకు ఒక్క క్షణమైనా గొప్పగా అనిపించలేదు.

"షెడ్డుల మేస్త్రీకి జెప్పకున్రి," అన్నాడు నాన్న. "కండ్లు కనబడనోన్ని కాంట్రాక్టుల ఉంచరు. నీ పరీక్ష అయినంక దవాఖానాకు పోదాం."

"అప్పటిదాక బ్లేడు కాడికి పోకు."

"అవ్, పోను," అన్నాడు. ఎంత తొందరగా అన్నాడో అందులోనే అబద్ధం ఉంది.

మర్నాడు ఆదివారం ఆ పదకొండు పట్టీలు ఊడదీసి, వాటి చోట మిగిలిన ముక్కల్లోంచి కొత్తవి నేనే అతికించాను. మౌస్ నడిమధ్యకు చేరింది. నేను చప్పట్లు కొట్టలేదు.

సోమవారం నేను లేచేసరికే నాన్న మొదటి షిఫ్టుకు వెళ్లిపోయాడు. మౌస్ ఉన్న పెట్టె ఒళ్లో పెట్టుకుని బస్సెక్కాను. కొత్తగూడెంలో ఫోను చేశాను, ఎత్తలేదు. షెడ్డులో ఫోన్లు బయట పెట్టి వెళ్తారని నాకు తెలుసు. తల్లాడలో బస్సు ఆగితే మళ్లీ చేశాను. ఆయన దొంతరను జరుపుతున్నట్టు, గీత అనుకుని వేరేదాన్ని చూస్తున్నట్టు కళ్లముందు ఆడుతూనే ఉంది. దిగి వెనక్కి వెళ్లే బస్సెక్కుదామని రెండుసార్లు సీట్లోంచి లేచి మళ్లీ కూర్చున్నాను. వెళ్లి ఏం చేస్తాను? గేటు దగ్గర అరిస్తే పని పోతుంది. ఊరుకుంటే వేలు పోతుంది.

ప్రదర్శనకు వచ్చిన పరీక్షాధికారి, "మైక్రోమౌస్ అని దేన్ని అంటారు?" అని అడిగాడు. తనకు తాను దారి వెతుక్కునేది, గోడను తప్పుగా చూస్తే తప్పుగా పోయేది, మధ్యలో మనం ముట్టుకోకూడనిది అని చెప్పాను. చెబుతూ ఫోను వంక చూసి మధ్యలో రెండుసార్లు తడబడ్డాను. పరీక్ష భయం అనుకుని ఆయన నీళ్లు ఇప్పించాడు. కాలేజీ చిక్కుదారిలో మౌస్ తిరుగుతుంటే నేను దాన్ని చూడనే లేదు. చేతిలో ఫోను చూస్తున్నాను. అది మూడో మలుపు తిరుగుతుండగా అమ్మ నుంచి మెసేజ్ వచ్చింది. "అన్నానికి వచ్చిండు. పదీ ఉన్నయి."

నేను ఏడ్చేశాను. మౌస్ నడిమధ్యకు చేరిందని పక్కవాళ్లు చెప్పారు.

ఆ వారంలోనే నాన్నను ఖమ్మం తీసుకొచ్చాం. ఒంట్లో బాగాలేదని షెడ్డుకు కబురు పంపాం. రెండు కళ్లకూ శుక్లాలు ముదిరాయని, కుడికన్ను దాదాపు మూసుకున్నట్టేనని డాక్టరమ్మ చెప్పింది. "ఏం పని చేస్తారు?" అని అడిగింది. నాన్న చెప్పాడు. ఆమె పెన్ను పక్కన పెట్టి ఆయన చేతుల వంక చూసింది.

ఒక కన్ను తర్వాత ఒకటి, రెండింటికీ ఆపరేషన్ అయింది. నల్లద్దాలు తీసేసిన రోజు మధ్యాహ్నం నాన్న వరండాలో చిక్కుదారి ముందు కూర్చున్నాడు. నేను ఊడదీసిన పదకొండు పట్టీలు ఓ మూల అలాగే ఉన్నాయి. ఒకటి తీసి తెల్లగోడ పక్కన పెట్టి చూశాడు. ఇంకొకటి తీశాడు. మూడోది తీశాడు.

"గిది, గిది ఒక్కతీరుగ కనబడ్డయా నాకు?"

మిగిలిన పట్టీలు ఆయన వైపు జరిపాను.

"గీ కండ్లతోటేనా నేను బ్లేడు కాడ నిలవడ్డది?" అన్నాడు. తర్వాత పట్టీలు కింద పెట్టి, రెండు చేతులూ తెల్లగోడల మీద పరిచి, వేళ్లను ఒక్కొక్కటే చూసుకున్నాడు. ఆయనకు ధైర్యం చెప్పాలనిపించింది, కానీ అది నాకు అలవాటు లేని పని, పట్టీలు ఏరి మూలన పెట్టాను.

మళ్లీ పనికి వెళ్లే రోజు టిఫిను డబ్బా పట్టుకుని గడప దాటి ఆగాడు. ఇరవై ఏళ్లలో ఎవరినీ వెంట రమ్మనని మనిషి.

"గేటు దాక రా బిడ్డా," అన్నాడు.

వెళ్లాను. ఆయన లోపలికి వెళ్లాడు. నేను గేటు బయట చేతులు కట్టుకుని నిలబడ్డాను. బ్లేడు దిగిన చప్పుడు వినబడింది. కాసేపటికి మళ్లీ దిగింది. మూడోసారి దిగాక గానీ నేను అక్కడినుంచి కదలలేదు.