ఈశాన్యానికి ఒకటిన్నర మీటరు

మెల్‌బోర్న్ శివారు పాయింట్ కుక్‌లో మా అమ్మాయి ఇంటికి మూడు వీధుల అవతల నాగభూషణం గారనే సర్వేయరు ఒకరున్నారు. ఆయన గొప్పవారేమీ కారు. సభల్లో శాలువా కప్పించుకోలేదు, ఉగాది సంచికలో ఫొటో వేయించుకోలేదు. అయితే ఈ చుట్టుపక్కల వీధుల్లో చాలా భాగం, వీధులు కాకముందు, ముళ్ళగడ్డి మొలిచిన బీళ్ళుగా ఉన్న కాలంలో, ఆయన సుత్తితో దిగగొట్టిన కొయ్యమేకుల వెంబడే పుట్టాయి. ఉదయపు నడకలో ఆయన నాకు పరిచయం. ఈ కథంతా ఆయన నోట విన్నదే, రాయమన్నదీ ఆయనే. "నా తప్పు నా పేరుతోనే రాయండి మాస్టారూ. మారుపేరు పెడితే మరీ సిగ్గుగా ఉంటుంది" అన్నారు.

ఆయనది కాకినాడ. అక్కడ సర్వే శాఖలో పన్నెండేళ్ళు గొలుసు పట్టి, ముప్పయ్యారో ఏట భార్య కుసుమతో మెల్‌బోర్న్ వచ్చి, ఇక్కడ ఒక సర్వే కంపెనీలో చేరారు. పదిహేడేళ్ళయింది. ఆయన దగ్గర నారింజరంగు అట్ట వేసిన చిన్న పుస్తకం ఒకటుంది. కాంక్రీటులో బిగించిన ఇత్తడి గుర్తులు ఈ పడమటి శివార్లలో ఎక్కడెక్కడున్నాయో, ఒక్కొక్కటి తూర్పుకు ఎంత, ఉత్తరానికి ఎంత, అన్నీ పెన్సిలుతో అందులో రాసుకున్నారు. చాలావరకు ఆయనకు నోటికి వచ్చు. మనం శతక పద్యం అప్పజెప్పినట్టు ఆయన మిల్లీమీటర్లతో సహా అప్పజెబుతారు.

ఇక్కడ నేనొక మాట చెప్పుకోవాలి. నేను తెలుగు పండితుణ్ణి. అయినా మా ఉన్నత పాఠశాలలో లెక్కల మాస్టారు బదిలీ అయిన రెండేళ్ళు నిరూపక జ్యామితి నా నెత్తిన పడింది. పడినందుకు ఇప్పటికీ సంతోషమే. ఉనికిని నిరూపించేది నిరూపకం. ఎంత తీరైన మాట! నల్లబల్ల మీద అడ్డంగా ఒక గీత, నిలువుగా ఒక గీత గీసి, అవి కలిసిన చోటికి మూలబిందువని పేరు పెట్టి, అక్కణ్ణుంచి కుడికి ఇంత, పైకి ఇంత అన్నామంటే బల్ల మీది ఏ చుక్కా తప్పించుకుపోలేదు. మూడో గీత ఒకటి బల్లలోంచి మన మీదికి వస్తున్నట్టు ఊహించుకుంటే గదిలోని ఈగ కూడా తప్పించుకోలేదు. ఒకసారి వెనక బెంచీలోంచి ఓ అమ్మాయి "ఆ మూలబిందువును ఎవరు పెట్టారు మాస్టారూ?" అని అడిగింది. మనమే అన్నాను. "మరి మనం నిలబడ్డ నేలే జరిగితే?" అంది. నేను నవ్వి ఊరుకున్నాను. నవ్వదగిన ప్రశ్న కాదని ముప్పయ్యేళ్ళ తరువాత, ఈ దేశంలో తెలిసింది.

నాగభూషణం గారి జీవితం మొత్తం రెండు నిరూపకాల మీద నడిచింది. తూర్పు, ఉత్తరం. ఎత్తు ఆయనకు వేరే పుస్తకం, వేరే రోజు పని. అటువంటి మనిషి ముందుకు మూడేళ్ళ క్రితం సాయితేజ వచ్చాడు. హన్మకొండ కుర్రాడు. ఇక్కడి యూనివర్సిటీలో చదివి, అదే కంపెనీలో చేరి, గిరగిర తిరిగే స్కానరొకటి బీడు మధ్య నిలబెట్టి, మూడు నిమిషాల్లో కొన్ని లక్షల బిందువులు పట్టుకొచ్చాడు. ఒక్కొక్క బిందువుకు మూడేసి నిరూపకాలు. కంప్యూటరు తెర మీద ఆ బీటిని బొంగరంలా తిప్పి, కిందినుంచి కూడా చూపించాడట. మేనేజరు బ్రెట్ కుర్చీలోంచి లేచి వచ్చాడు. ఆఫీసంతా తెర చుట్టూ మూగింది. నాగభూషణం గారొక్కరే తన బల్ల దగ్గర పెన్సిలు చెక్కుతూ కూర్చున్నారు.

ఆ సాయంత్రం ఇంట్లో జరిగిన సంభాషణ కుసుమగారు నాకు అభినయంతో సహా వినిపించారు.

"గడ్డిపోచ కూడా కనిపిస్తోందట! గడ్డిపోచతో మనకేం పనే? ఎల్లుండి బుల్డోజరొచ్చి పీకేస్తుంది కదా."

"మీకొచ్చా అండీ ఆ మెషీను?"

"నేర్చుకుంటే ఎంతసేపు?"

"అయితే నేర్చుకోండి."

"ఎవరి దగ్గర? వాడి దగ్గరా?"

అప్పటినుంచి ఆయన లోపల ఒక సన్నని మంట ఆరకుండా వెలిగింది. సాయితేజ కొత్త బూట్లు కొంటే వాటి ధర మనసులో తప్పుపట్టారు. బ్రెట్ వాడి భుజం తడితే, తన భుజం చివరిసారి ఎప్పుడు తట్టాడో లెక్కపెట్టుకున్నారు. వాడు "అంకుల్" అని పిలిచినప్పుడల్లా, వయసు గుర్తు చేస్తున్నాడని నొచ్చుకున్నారు. అసూయ అన్న మాటను మాత్రం ఆయన ఎన్నడూ వాడలేదు. "పద్ధతి" అనేవారు. వాడికి పద్ధతి తెలియదని.

గత సంవత్సరం ఆరువందల ఇళ్ళ కొత్త కాలనీ పని కంపెనీకి దక్కింది. మూడేళ్ళ పని. దానికి పెద్ద సర్వేయరుగా తన పేరే వస్తుందని నాగభూషణం గారు కుసుమకు చెప్పి, పాయసం కూడా చేయించారు. సోమవారం బ్రెట్ సాయితేజ పేరు చెప్పాడు. మిగిలిన పాయసం రెండు రోజులు ఫ్రిజ్‌లో ఉంది.

సాయితేజ ఆ బీట్లో మొదటి మేకులు పాతిన మరునాడు శుక్రవారం. సైటు మనుషులు మూడింటికల్లా వెళ్ళిపోయారు. ఇంటికి వచ్చే దారిలో నాగభూషణం గారు కారు అటు తిప్పారు. సైటు షెడ్డు గోడకు మేకుల నిరూపకాల జాబితా అంటించి ఉంది. గేటు పక్కన ఆయనకు చిరపరిచితమైన ఇత్తడి గుర్తు. డిక్కీలోంచి పాత కొలత పరికరం తీసి గుర్తు మీద నిలబెట్టారు. ఆ గుర్తు నిరూపకాలు ఫోన్‌లోనే ఆఫీసు ఫైలు తెరిచి చూడవచ్చు. కాని ఫైలు తెరిస్తే ఎవరు తెరిచారో నమోదవుతుంది. అందుకని నారింజ పుస్తకం తెరిచారు.

నాలుగు మేకులు కొలిచారు. నాలుగూ తప్పు! కాగితం చెబుతున్న చోటికి అన్నీ ఒకటిన్నర మీటరు నైరుతిగా ఉన్నాయి. ఈశాన్యానికి జరగాలి. నాలుగూ ఒకే దూరం, ఒకే దిక్కు. అంటే మేకు మేకుకూ జరిగిన పొరపాటు కాదు, కుర్రవాడు మొదలే తప్పుగా పెట్టుకున్నాడు.

"ఎండలో చల్లటి మజ్జిగ తాగినట్టయింది మాస్టారూ" అన్నారు నాతో. "అబద్ధమెందుకు? అంత హాయి నాకు మా అబ్బాయికి మెడిసిన్ సీటొచ్చిన రోజున కూడా కలగలేదు."

సోమవారం ఉదయం ఏడింటికి ఆ మేకుల వెంబడి మురుగునీటి గొట్టాలకు కందకం తవ్వడం మొదలవుతుంది. ఒక రోజు తవ్వాక తప్పు బయటపడుతుంది. అప్పుడు బ్రెట్ ఎవరివైపు చూడాలో వారివైపే చూస్తాడు. ఇప్పుడే ఫోన్ చేస్తే మేకులు పీకి మళ్ళీ పాతుకుంటారు, అంతటితో సరి. ఆయన ఫోన్ తీశారు. సాయితేజ పేరు మీద వేలు పెట్టారు. మళ్ళీ జేబులో వేసుకున్నారు.

ఆదివారం మధ్యాహ్నం సాయితేజ వాళ్ళింట్లో భోజనం. పదిరోజుల క్రితమే పిలిచారు కాబట్టి వెళ్ళక తప్పలేదు. వాడి భార్య గీతిక బిర్యానీ వడ్డిస్తూ కుసుమతో చెబుతోంది.

"ఈడ్నే ఉండిపోనీకి పీఆర్ కావాలె గద, దానికి కంపెనీ లెటర్ ఈ నెలల్నే ఇస్తమన్నరు ఆంటీ. ఈ ప్రాజెక్టు మంచిగ స్టార్ట్ అయితే చాలు. లేకపోతే మల్ల ఇంకో స్పాన్సర్‌ను ఎతుక్కోవాలె."

"అన్నీ బాగానే జరుగుతాయిలేమ్మా" అన్నారు కుసుమ.

"అంకుల్, ఇంక జెర వేస్కోండ్రి" అన్నాడు సాయితేజ. "బ్రెట్ అంటడు, పాత మార్కుల సంగతి మీకు తప్ప ఇంకెవ్వరికి తెల్వదట గద."

"చాలు చాలు" అంటూనే నాగభూషణం గారు రెండోసారి వడ్డించుకున్నారు. బిర్యానీ బాగుందట. అది కూడా ఆయనకు కష్టంగా తోచిందట.

సోమవారం ఏడు కాకముందే ఆయన కారు సైటు దగ్గర ఉంది. తమాషా చూద్దామనే వచ్చారు. ఆ మాట ఆయనే ఒప్పుకున్నారు. కాని యంత్రం చేయి పైకి లేచి, మొదటి మేకు మీదుగా నేలను తాకబోయేసరికి ఆయన తనకే తెలియకుండా పరుగెత్తారు. "స్టాప్! స్టాప్!" అని రెండు చేతులూ ఊపారు. డ్రైవరు ఆపాడు. బ్రెట్ గబగబా వచ్చాడు. సాయితేజ వెనకనే వచ్చాడు.

"మేకులన్నీ తప్పు. ఒకటిన్నర మీటరు" అన్నారు ఆయన రొప్పుతూ. నారింజ పుస్తకం తెరిచి చూపారు.

సాయితేజ ముఖంలో నెత్తుటి చుక్క లేదు. పుస్తకంలోని అంకెల మీద వేలు పెట్టి, తన ట్యాబ్లెట్‌లో చూసుకున్నాడు. మళ్ళీ పుస్తకం చూశాడు. అప్పుడు మెల్లగా ఊపిరి వదిలాడు.

"అంకుల్, ఇవి ఎప్పుడు రాస్కున్నయి?"

"రెండువేల పన్నెండు."

"ఇవి తొంభైనాలుగు లెక్కవి అంకుల్. ఈ సైట్ మొత్తం ట్వంటీ ట్వంటీల ఉంది."

చదువరులకు ఒక్క వివరం. ఆస్ట్రేలియా ఖండం ఏటా ఆరేడు సెంటీమీటర్ల చొప్పున ఈశాన్యంగా జరుగుతూ ఉంటుంది. పూర్వపు నిరూపకాలు 1994లో నేల ఉన్న చోటును బట్టి కట్టినవి. కొత్తవి 2020 నాటి చోటును బట్టి కట్టినవి. గుర్తు అదే, ఇత్తడి అదే. దాని అంకెలు మాత్రం ఒకటిన్నర మీటరు మారాయి. నాగభూషణం గారికి ఇది తెలియనిది కాదు. ఆఫీసు ఫైలు తెరిచి ఉంటే కొత్త అంకెలే కనిపించేవి. కాని దొంగచాటుగా కొలిచే మనిషికి ఆఫీసు ఫైలు పనికిరాదు. మేకులు సరిగ్గానే ఉన్నాయి.

బ్రెట్ నడుము మీద చేతులు పెట్టుకొని "ఏమిటిది, నాగ్?" అన్నాడు. ఆయన పుస్తకం మూసేశారు. అప్పుడు సాయితేజ ఇంగ్లీషులో, ఏ తడబాటూ లేకుండా చెప్పాడు: తన పని ఒకసారి సరిచూడమని అంకుల్‌ను తనే అడిగానని, కొత్త అంకెలు ఇవ్వడం తనే మరిచానని. "గుడ్ ఆన్ యూ బోత్" అంటూ బ్రెట్ ఇద్దరి భుజాలూ తట్టి వెళ్ళిపోయాడు. చాలా కాలానికి తట్టిన ఆ భుజం ఆయనకు మండింది.

వాడి చేతిపని మీద కుళ్ళుకోవడం ఆయనకు అలవాటే. వాడి మంచితనం మీద కుళ్ళుకోవలసి రావడమే భరించలేకపోయారు. వాడి దయ కింద ఒక్క పూట కూడా ఉండలేననిపించి, కారు దగ్గర వాణ్ణి ఆపారు.

"నువ్వు నన్ను కాపాడక్కర్లేదయ్యా. నేను శుక్రవారమే కొలిచాను. నీది తప్పనుకునే ఊరుకున్నాను."

సాయితేజ ట్యాబ్లెట్ చంకలో పెట్టుకున్నాడు.

"అంటే నిన్న మా ఇంట్ల బిర్యానీ తిన్నప్పుడు గూడ...?"

"ఆఁ. అప్పుడు కూడా."

"గీతిక లెటర్ సంగతి చెప్తుంటే గూడ?"

"ఆఁ."

వాడు తల ఊపి, టోపీ సరిచేసుకొని, మేకుల వైపు నడిచి వెళ్ళాడు. బ్రెట్‌కు చెప్పలేదు, ఎవరికీ చెప్పలేదు. నెల తిరగకుండా వాడి పీఆర్ ఉత్తరం వాడికి వచ్చింది. పనిలో ఏదైనా అవసరమైతే ఇప్పటికీ వచ్చి అడుగుతాడు, మర్యాదగానే. అయితే ఆ రోజునుంచి "నాగభూషణం గారూ" అని పిలుస్తాడు.

మొన్న నడకలో ఆయన ఉన్నట్టుండి ఆగిపోయారు. మ్యాపులు గీసే విభాగంలో కొత్తగా గోపాలరావనే ఆయన చేరాడట. విజయవాడ మనిషి, యాభై దాటినవాడు.

"సాయితేజ ఆయన్ని అంకుల్ అంటున్నాడు మాస్టారూ" అన్నారు. "నిన్న టీ గదిలో విన్నాను. చేరి వారం కూడా కాలేదు, ఆయనకేం తెలుసని అంకుల్?"