ముసలి దగ్గు

పాల్వంచ దాటాక బస్సులో నేనొక తుమ్ము తుమ్మితే భద్రాచలం దాకా అడవిలో నెమళ్లన్నీ ఎగిరిపోయాయి. పక్క సీట్లో సెల్‌ఫోన్లో మాట్లాడుతున్న ఇంటర్ పిల్ల మాత్రం, ఫోన్లోంచి "పక్కనెవడే?" అని వినిపించిన మగ అరుపుకి బిగుసుకుపోయింది.

"ఒట్టు, పక్కనున్నది ముసలాయనే!" అంది ఫోన్లో. అరచేత్తో ఫోన్ మూసి, "అంకుల్, జర ముసలోని లెక్క దగ్గుండ్రి. లేకుంటే వీడు బస్టాండ్ల నేను దిగంగనే నన్ను కొడ్తడు," అంది.

నవ్వుకుంటూ, ఊపిరితిత్తులు ఊడి పడేలా దగ్గాను. అవతలివాడు నమ్మాడు. ఆమె చున్నీ సర్దుకుంటుంటే మెడ మీద వేళ్ల గుర్తులు కమిలి కనిపించాయి. నా నవ్వు ఆగిపోయింది.

"ఎవడమ్మా వాడు?"

"మా క్లాసే. నేనంటే పాణం, అంకుల్."

"ఇంట్లో చెప్పు తల్లీ."

"చెప్తే కాలేజి బంద్ చేపిస్తరు."

బస్టాండు రాగానే, "మీరు అందరు దిగినంక దిగుండ్రి. మీసం నల్లగుంది, సూస్తే నమ్మడు," అంది.

పొద్దున్నే రంగేసుకున్న మీసాన్ని చేత్తో మూసుకుని కూర్చుండిపోయాను. ఆ రోజు తర్వాత మళ్లీ రంగు వేయలేదు.