ఖాళీ మగ్గం షాట్

దయ్యాలను నేనెప్పుడూ నమ్మలేదు. వాటిని తయారు చేసినవాణ్ణి, ఎలా నమ్ముతాను? సినిమాటోగ్రాఫర్‌ని కాకముందు ఏళ్ల తరబడి స్పెషల్ ఎఫెక్ట్స్‌లో పనిచేశాను. తెరమీద నీడలు నడిపించాను. హీరోను వేలాడదీసిన తీగలు, ఫ్రేములో అడ్డొచ్చిన మనుషులను చెరిపాను.

మాది దేవరకొండ దగ్గర పేరున్న మగ్గాల ఇల్లు. ఒకప్పుడు మా చీరల కోసం షావుకార్లు వాకిట్లో కూర్చునేవారు. నాయిన చివరి రోజులకు ఒక్క గుంత మగ్గం మిగిలింది. జాలి కోసం చెప్పడం లేదు. మేం ఎవరి ముందూ చెయ్యి చాచలేదు.

నా పని నాయినకు నచ్చలేదు. "ఉన్నోణ్ని లేనట్టు చేసుడు గూడ ఒక పనేనారా?" అనేవాడు. కెమెరామన్‌గా నా మొదటి సినిమా చూపించి, ఆయన చేత ఒక్క మంచి మాట అనిపించుకోవాలనుకున్నాను. అది మొదలయ్యేలోపే పోయాడు.

ఆ సినిమాలో నేత సన్నివేశం మా మగ్గం మీదే తీశాం. నటులు వెళ్లాక, కెమెరా కదపకుండా ఖాళీ జాగాను కూడా కాసేపు తీయడం ఎఫెక్ట్స్ వాళ్ల అలవాటు. తర్వాత ఏదైనా చెరపాల్సి వస్తే ఆ ఖాళీ షాటే ఆధారం. ఆ మధ్యాహ్నం అందరూ బయట భోజనాలు చేస్తున్నారు. లోపల కెమెరా వెనుక నేనొక్కణ్ణే. తీస్తున్నప్పుడు నాకేమీ కనిపించలేదు.

ఎడిటింగ్‌లో డైరెక్టర్ ఆ షాట్ ఆపాడు. "అన్నా, గోడ మీద గా నీడెవనిదే?"

వంగిన వీపు. పోగుల మధ్య నాడెను అటూ ఇటూ ఆడించే తాడు గుంజుతున్న కుడిచెయ్యి. కిందికి జారిన ఎడమ భుజం. నేసీ నేసీ నాయిన భుజం అలాగే జారింది.

వెలుతురు పైకప్పులోని గాజు పెంకులోంచి పడుతోంది. నీడ అక్కడ రావాలంటే మనిషి మగ్గం ముందు కూర్చోవాలి. ఇలాంటిది ఎన్ని రకాలుగా పుట్టించవచ్చో నాకు తెలుసు. అన్నీ పరీక్షించాను. ఏదీ కాదు.

"మన కథల నేతగాడు సచ్చిపోయిండు గదనే, ఆఖరుకు మగ్గం ఖాళీగ కనవడాలె. నీ పాత పనే గదా, తీసెయ్యరాదు" అన్నాడు డైరెక్టర్.

వేరే చేతికి ఇవ్వలేదు. నేనే కూర్చుని ఫ్రేము ఫ్రేముకూ చెరిపాను. ఇంట్లో ఎవరికీ చెప్పలేదు.

నల్లగొండ థియేటర్లో అమ్మ పక్కన కూర్చుని సినిమా చూశాను. చివరి షాట్ వచ్చింది. ఖాళీ మగ్గం, శుభ్రమైన గోడ. నా పనిలో అతుకు కనిపించదు.

అమ్మ తెర వైపే చూస్తూ మెల్లగా అడిగింది. "మీ నాయినను ఎందుకు తీసేసినవ్ బిడ్డా?"

ఆ మాట ఎందుకన్నావని ఇంటికొచ్చాక అడిగాను. "ఉన్నోడే గదా" అని ఊరుకుంది.

అసలు షాట్ ఇంకా నా దగ్గరే ఉంది. ఆ నీడేమిటో ఈ రోజుకీ చెప్పలేను. అమ్మకు మాత్రం ఇంతవరకు చూపించలేదు.