కోసి దాచిన ముక్క

మా మేనమామ పోయి ఇవాళ్టికి ఇరవై రోజులు. ఆ రోజు పొద్దున ఆరింటికి అత్త ఫోన్ చేసింది. "మీ మామ పోయిండు బిడ్డా. చాయ్ తెచ్చి లేపితే లేవలె" అంది. నేను ఊఁ అన్నాను, అంతే. ఏడుపు రాలేదు. రెండేళ్లుగా ఆ మనిషితో మాట్లాడనిదాన్ని, ఏ ముఖం పెట్టుకుని ఏడవను? ముందు సిగ్గేసింది.

చౌటుప్పల్ చుట్టుపక్కల మీకు చుట్టాలుంటే, వాళ్లింట్లో పెళ్లి వీడియో ఉంటే, అది మామ చేతి మీదుగా వచ్చిందే కావచ్చు. కేతేపల్లిలో పుట్టి, మీసాలు సరిగ్గా రాకముందే హైదరాబాద్ పోయి, సినిమా ఎడిటింగ్ గదిలో ఫిల్ము ముక్కలు అతికించే పనిలో చేరాడు. తెర మీద అతని పేరు పడేసరికి జనం ఇంకా చీకట్లో సీట్లు వెతుక్కుంటూ ఉండేవాళ్లట. తర్వాత టీవీ సీరియళ్లు. రోజుకొక ఎపిసోడ్ కోసి కోసి కళ్లు పాడయ్యాయి. కంప్యూటర్లు వచ్చాక పిలిచేవాళ్లు తగ్గారు. తెలంగాణ వచ్చిన ఏడాది ఊరి దిక్కు తిరిగొచ్చి, హైవే పక్కన మోటార్ సైకిళ్ల మెకానిక్ షెడ్డు మీద గది కిరాయికి తీసుకుని, పెళ్లి వీడియోల మిక్సింగ్ మొదలుపెట్టాడు. డిగ్రీ అయ్యాక నా పెళ్లి కుదిరేదాకా ఆ గదిలోనే పని నేర్చుకున్నాను.

ఫిల్ము ముట్టుకునే కాలంలో వేసుకున్న తెల్లబట్ట చేతి తొడుగులు కంప్యూటర్ ముందు కూడా వేసుకునేవాడు. నేను నవ్వేదాన్ని. "నవ్వుతవేంది? మంది పెండ్లిళ్లు బిడ్డా ఇవి. మన చేతి మరకలు అంటొద్దు" అనేవాడు. ముందు కళ్లు మూసుకుని గొంతులు మాత్రమే వినేవాడు, ఆ తర్వాతే బొమ్మ చూసేవాడు. అన్నం తింటున్నవాళ్ల నోళ్లు చూపించేవాడు కాదు. మూలన కుర్చీలో కూర్చున్న ముసలమ్మను మాత్రం ఎంతసేపైనా ఉంచేవాడు. "ముసలోళ్లను జర ఎక్కువసేపు ఉంచాలె. రేపు వాళ్ల కోసమే వస్తరు" అనేవాడు.

నిజంగానే వచ్చేవాళ్లు. మా దిక్కు ఈమధ్య దినాల రోజు టెంటు కింద పెద్ద టీవీ పెట్టి, పోయినవాళ్లను చూపించడం అలవాటైంది. ఎవరింట్లో చావైనా మామ గదికొచ్చి, ఫలానా పెళ్లిలో మా అవ్వ ఉంటది చూడు అని అడిగేవాళ్లు. ఎన్ని పెళ్లిళ్లు తిరగేసైనా వెతికిచ్చేవాడు. ఎవరి ముక్కనూ పారేసేవాడు కాదు, తనది తప్ప. నా పెళ్లిలో నన్ను గంపలో మోసుకొచ్చింది మామే. ఆ వీడియోలో గంప పట్టుకున్న రెండు చేతులు కనిపిస్తాయి, ముఖం లేదు. ఇదేంది మామా అంటే, "కోసెటోడు కనబడొద్దు" అన్నాడు.

మా ఇద్దరి మధ్య చెడింది కూడా ఆ వీడియో దగ్గరే.

మా బాపు గొర్లు కాసేవాడు. నాతో మాట్లాడింది తక్కువ. "తిన్నవా" అనేవాడు, ప్రేమంతా అందులోనే. నా పెళ్లి రోజు మాత్రం, అప్పగింతలయ్యాక, కల్లు తాగొచ్చి మా కారు ముందు కూలబడ్డాడు. నేను కారులో తలొంచుకుని ఏడుస్తున్నాను. బయట గొడవ వినిపించింది గానీ ఏమన్నాడో తెలియలేదు. నాకు కనిపించింది మనుషుల వీపులే. మగపెళ్లివాళ్లు ముఖం మాడ్చుకున్నారని తర్వాత తెలిసింది. వీడియోలో అప్పగింతలవగానే తెర మీద పూలు రాలతాయి, కారు కదిలిపోతుంది. మధ్యలో బాపు లేడు.

రెండేళ్ల కింద బాపు పోయినప్పుడు పరుగెత్తుకుని మామ దగ్గరికే పోయాను. బాపు గొంతున్నది ఆ కోసేసిన ముక్కలోనే. అది ఇమ్మన్నాను. మామ తొడుగులు తీసి బల్ల మీద పెట్టి, నా దిక్కు చూడకుండా "లేదు బిడ్డా. పోయింది" అన్నాడు.

అందరి ముసలోళ్లనూ దాచిన మనిషి నా బాపును పారేశాడా అని కడుపు మండింది. "నాకు మా బాపు గొంతు లేకుండ చేసినవ్. ఇగ నీ మొగం చూడ" అని వచ్చేశాను. తర్వాత ఎన్నిసార్లు ఫోన్ చేశాడో. మా ఆయనకిచ్చేదాన్ని, నేనింట్లో లేనని చెప్పించేదాన్ని. నా గొంతు అవతలికి వినబడుతుందని తెలిసీ గిన్నెలు కడుగుతూ గట్టిగా మాట్లాడేదాన్ని. అంత పొగరు నాకు.

మామ దినాలు దగ్గరకొచ్చాయి. అందరికీ వీడియో చేసిన మనిషికి వీడియో లేకపోతే ఎట్లా అన్నారు చుట్టాలు. ఫోన్లన్నీ వెతికారు. ఫోటో తీయడానికి ఎవరు ఫోన్ ఎత్తినా పక్కకు జరిగే మనిషి, దేనిలో దొరుకుతాడు? పని తెలిసినదాన్నని నన్నే కూర్చోబెట్టారు. అత్త షెడ్డు మీది గది తాళం తీసి, సొరుగులోంచి తెల్ల తొడుగులో చుట్టిన చిన్న హార్డ్ డిస్క్ తీసి నా చేతిలో పెట్టింది. మీద మామ రాత: "బావది. ఎవరికీ ఇయ్యొద్దు."

"మీ బాపే వచ్చి అడిగిండు బిడ్డా, నీ పెండ్లయిన మూడోనాడు" అంది అత్త. "గిదే స్టూల్ మీద కూసున్నడు. బామ్మర్దీ, నా బిడ్డ గది చూడొద్దు, తాగిన మొగమే యాదికుంటది, తీసి పారెయ్యి అన్నడు. మీ మామ సరే అన్నడు. పారెయ్య చేతులు రాలె. నీకిస్తే మాట తప్పినట్టాయె. నువ్వు అట్ల అనిపోయినంక రెండు దినాలు అన్నం ముట్టలె."

పెట్టి చూశాను. బాపు కారు ముందు మట్టిలో కూర్చున్నాడు. తలకు చుట్టిన పట్కా ఊడి మెడలో పడింది. "నేను తోలియ్య. నా బిడ్డ నా ఇంట్లనే ఉంటది. పొద్దుగాల సంది తినలె నా బిడ్డ. తినకుంట ఎట్ల తోల్కపోతరు?" అంటున్నాడు. అదే మాట మళ్లీ మళ్లీ. అప్పుడొచ్చింది ఏడుపు, ఇద్దరి కోసం ఒకేసారి.

అంతలో పక్క నుంచి మామ వచ్చాడు. వంగి, బాపు భుజం చుట్టూ చెయ్యి వేసి లేపాడు. ఏ వీడియోలోనూ కనబడని అతని ముఖం అందులో పూర్తిగా కనిపించింది. దినాలకు ఇది చాలు, బాపును తప్పించి మామను ఉంచుదామని కోయబోయాను. ముందుకు జరిపాను, వెనక్కి జరిపాను. వచ్చిన క్షణం నుంచి కెమెరా దాటిపోయేదాకా మామ చెయ్యి బాపు భుజం మీదనుంచి తీయలేదు. మామ ఉన్న ప్రతి ఫ్రేములో బాపు ఉన్నాడు. అందరి ముందూ పెడితే బాపు అడిగింది పోతుంది, మామ కాపాడింది పోతుంది.

దినాలకు దండ వేసిన ఫోటో ఒక్కటే పెట్టాం. ఇంత పనిమంతురాలు మేనమామకు ఒక్క వీడియో చెయ్యలేకపోయిందని చుట్టాలు గొణిగారు.

ఇప్పుడు పిల్లలు బడికి పోయాక తలుపు వేసుకుని పెట్టుకుంటాను. ఒకచోట ఆపుతాను. మామ ఎడమ చెయ్యి బాపు భుజం మీద ఉంది. కుడి చెయ్యి కెమెరా దిక్కు లేచి ఉంది. రెండు వేళ్లు కత్తెరలా తెరిచి, ఇది కొయ్యాలె అని చూపిస్తున్నాడు. నేనింకా కొయ్యలేదు.