ఓదెలు మీద వారంటు

డెబ్బై రెండో సంవత్సరం, చలికాలం. నేను మున్సిఫ్ కోర్టులో అమీన్‌ని. డిక్రీ అయ్యాక, అంటే బాకీ కట్టమని కోర్టు తీర్పిచ్చాక, కట్టనివాడిని వారంటు మీద పట్టుకొచ్చే పని నాది. గోదావరిఖని వారంటు అంటే నాకు తలప్రాణం తోకకొచ్చేది. పొద్దుగూకాక అమీన్ ఇంట్లో అడుగుపెట్టకూడదని చట్టం. ఆ సంగతి గనివాళ్లకు కంఠతా వచ్చు. తెల్లవారకముందే గనిలోకి దిగి, వరసగా రెండు షిఫ్టులు చేసి, చీకటి పడ్డాక ఇల్లు చేరేవాళ్లు. గనిలోకి దిగే అనుమతి నాకు లేదు.

ఓదెలు టింబర్‌మన్. గనిలో పైకప్పు కూలకుండా కర్రలు నిలబెట్టే పని. తోటి పనివాడు సావుకారు దగ్గర అప్పు తీసుకుంటే ఇతను హామీగా జమానతు ఉన్నాడు. తీసుకున్నవాడు ఊరు విడిచాడు, బాకీ ఇతని మెడకు చుట్టుకుంది. జైల్లో పెడితే డ్యూటీకి నాగా, నాగా పడితే నౌకరీ పోతుంది.

పొద్దున్నే ల్యాంప్ రూం దగ్గర, తలదీపం తీసుకుంటూ దొరికాడు. వారంటు చూపించాను.

"వస్త సార్. కాని నిన్న లోపల కప్పు పగిలింది. సగమే కర్రలు నిలవెట్టిన. గట్లనే ఇడిస్తె రెండో షిఫ్టోళ్లు దాని కిందికే వస్తరు."

"ఇంకెవరినైనా పంపరాదా?"

"నా జోడి దవాఖానల ఉన్నడు. పని అయినంక నేనే వస్త, ఫికర్ చెయ్యకుండ్రి."

నాకు ఒళ్లు మండింది, భయమూ వేసింది. ఇతను పారిపోతే నా ఉద్యోగమూ పోతుంది. కానీ ఆ కప్పు కిందికి వచ్చేవాళ్ల మాట విన్నాక కాదనలేకపోయాను. వెళ్లమన్నాను.

దీపాలిచ్చే ఆయన పకపకా నవ్వాడు. "గిదేంది అమీన్ సాబ్, ఇడిసిపెట్టినరా? గనికి రెండో తొవ్వ ఉన్నది. ఆడికెళ్లి ఎక్కితె సీదా అడివిల వడ్తడు."

ప్రమాదమైతే బయటపడటానికి ప్రతి గనికీ ఇంకో దారి ఉంటుందట. నాకు అప్పటిదాకా తెలియదు. తెచ్చుకున్న సద్ది నోట్లోకి పోలేదు.

సైరన్ కూసింది. షిఫ్టు దిగినవాళ్లంతా బయటికొచ్చారు. అన్నీ నల్లటి ముఖాలే, ఓదెలు లేడు. ఇక నా పని అయిపోయిందనుకున్నాను. అందరూ వెళ్లిపోయాక వచ్చాడు, ఒళ్లంతా చెమట. దీపం అప్పజెప్పి, ముఖం కడుక్కున్నాడు.

"పోదాం పాండ్రి సార్."

కోర్టు లేచేలోపు హాజరుపరిచాను. వదిలితే పారిపోతాడని సావుకారు వకీలు గట్టిగా వాదించాడు. మున్సిఫ్‌గారు నావైపు చూశారు. జరిగింది జరిగినట్టు చెప్పాను. రెండో దారి సంగతీ దాచలేదు. ఆయన నెలజీతంలోంచి వాయిదాల మీద కట్టమని ఆర్డరిచ్చి, వారంటు రద్దు చేశారు.

బస్సు వచ్చేదాకా ఇద్దరం చాయ్ తాగాం. ఉండబట్టలేక అడిగాను, "రెండో తొవ్వ ఉండంగ నా దిక్కు ఎందుకొచ్చినవ్ ఓదెలూ?"

"పోతె మీ నౌకరి పోతది గద సార్. ఒకని బాకీయే మొయ్యలేక సస్తున్న. మీ ఇంటోళ్లను గూడ నేనెక్కడ మోసేది?"

బాకీ ఉన్నవాడంటే ఎగ్గొట్టేవాడే అనుకునే నా అలవాటు ఆ చాయ్ దగ్గరే పోయింది.