ఖాళీ నిమిషాల వయొలిన్

రేడియో స్టేషన్‌లో ఆవిడకి ఉద్యోగం ఇచ్చింది కచేరీలు చెయ్యడానికి కాదు, ఖాళీలు పూడ్చడానికి. ప్రసంగం చెప్పే పెద్దమనిషి పదిహేను నిమిషాల మాటలూ పదకొండు నిమిషాల్లో అప్పజెప్పేసి లేచిపోతే, మిగతా నాలుగు నిమిషాలూ ఆవిడ వయొలిన్ వాయించాలి. ఎర్రదీపం వెలగ్గానే అనౌన్సర్ అద్దం అవతలనుంచి వేళ్లు చూపించేవాడు. నాలుగు వేళ్లంటే నాలుగు నిమిషాలు. మొదట్లో రాగం అప్పుడప్పుడే విచ్చుకుంటుండగా టైమైపోయి, సగంలో తుంచెయ్యాల్సి వచ్చేది. ఏడాది తిరిగేసరికి ఒడుపు దొరికింది. రెండు నిమిషాలిచ్చినా, అయిదిచ్చినా మొదలూ తుదీ ఉన్నట్టే వాయించి, సెకను అటూ ఇటూ కాకుండా ముగించేది. అనౌన్సర్ ఆవిడకి గడియారమ్మ అని పేరు పెట్టాడు. అదే ఖాయమైంది.

ఆ పేరు సినిమావాళ్ల చెవినా పడింది. ఒక సినిమాలో తల్లి ఉత్తరం చదివి మడిచేదాకా నలభై ఏడు సెకన్లు. కాగితం మడవగానే సంగీతం ఆగాలి. పొద్దుటినుంచీ ఇద్దరు వాయించినా కుదర్లేదు. సంగీత దర్శకుడు కబురంపితే వెళ్లి, తెరమీద బొమ్మ ఒకసారి చూసి, రెండోసారికి వాయించేసింది. ఆయన మర్నాడూ రమ్మన్నాడు. అలా పదిహేనేళ్లు, పొద్దున సినిమా, మధ్యాహ్నం రేడియో. ఇంటిపని లెక్కల మాస్టారైన భర్తా, అత్తగారూ పంచుకున్నారు.

ఆవిడ ఉద్యోగానికి పద్దెనిమిదో ఏడు నడుస్తుండగా, స్టేషన్‌కి వచ్చిన కొత్త అధికారి ఆవిడకి గంటసేపు కచేరీ ఇచ్చాడు, అదీ లైవ్‌లో. సంతోషంతో కాళ్లు నేలమీద నిలవలేదు. తీరా సాధనకి కూచుంటే, ఏ రాగం ఎత్తుకున్నా నాలుగు నిమిషాలకల్లా చెయ్యి ముగింపుకి వెళ్లిపోతోంది. మూడు రోజులు అదే వరస. బెంగ పట్టుకుంది.

నాలుగో రోజు, వరండాలో బఠాణీలు ఒలుస్తున్న అత్తగారు లోపలికి తొంగిచూసింది.

"అప్పుడే అయిపోయిందా? నేనింకా గుప్పెడు కూడా ఒలవలేదే."

"చెప్పాల్సిందంతా అయిపోతోంది అత్తయ్యా."

"అయితే చెప్పిందే మళ్లీ చెప్పు. మీ మామయ్య ఉన్నన్నాళ్లూ నాకు ఒకటే కథ చెప్పారు, ఏ రోజుకారోజు కొత్తగానే ఉండేది. నేను పని చేసుకుంటూ వింటాను, నువ్వు కానీ."

ఆ రోజు బఠాణీలు ఒలవడం పూర్తయ్యేదాకా వాయించింది. మర్నాడు బియ్యం ఏరేదాకా, ఆ మర్నాడు ఉతికిన బట్టలన్నీ మడతపెట్టేదాకా. ఒకే స్వరం మీద నింపాదిగా నిలబడొచ్చని, వెళ్లిన దారినే వెనక్కి రావచ్చని చేతికి మెల్లగా నమ్మకం కుదిరింది.

కచేరీ రోజున కళ్లు మూసుకుని మొదలుపెట్టింది. ఒక్క రాగమే నలభై నిమిషాలు దాటింది. పక్కన మృదంగం ఆయన కూడా మంచి ఊపులో ఉన్నాడు. కళ్లు తెరిచేసరికి గంట దాటి మూడు నిమిషాలైంది. అద్దం అవతల అనౌన్సర్ వేళ్లు చూపించడం మానేసి, చేతులు కట్టుకుని వింటున్నాడు. అతని పక్కనే, ఎరువుల మీద ప్రసంగం చెప్పాల్సిన పెద్దమనిషి తన వంతు సంగతి మర్చిపోయి నిలబడ్డాడు.

అధికారి సంజాయిషీ అడిగాడు. "వాయిస్తూ టైం చూసుకోలేదు" అని ఒక్క వాక్యం రాసి సంతకం పెట్టింది. ఆయన చదివి నవ్వు ఆపుకుంటూ, నెలకో కచేరీ ఇస్తే ఓపిక ఉందా అన్నాడు. ఉందంది.

ఇంటికెళ్లి ఆ మాట చెబితే, మాస్టారు వచ్చే నెల ఏ రాగమని అడిగాడు. ఇంకా అనుకోలేదంటూ, మర్నాటి సినిమా రికార్డింగు కోసం వయొలిన్‌కి కొత్త తీగ వేసుకుంటూ కూచుంది.