తప్పుబోయిన నెమళ్ళు

మొన్న మా మనవరాలు ఫోనులో కార్టూను చూస్తుంటే సిగ్నలు పోయి, అందులోని నెమలి ఒంటికాలు ఎత్తి అలాగే నిలిచిపోయింది. పిల్ల ఏడుపు లంకించుకుంది, నాకేమో నవ్వు ఆగలేదు, ఎందుకంటే మద్రాసులో నేను కార్టూను సినిమాకు గీసిన మొట్టమొదటి నెమలి కూడా అచ్చం ఇలాగే కదలకుండా నిలబడింది.

మాది ధర్మవరం. పట్టుచీరల అంచులకు గళ్ళ కాగితం మీద నమూనాలు గీయడం మా నాయన పని, మీసాలు రాకముందు నుంచీ నా పనీ అదే. అంచులో మొదటి నెమలి ఎలా ఉందో చివరి నెమలీ అలాగే ఉండాలి, మెడ నూలుపోగంత వంగినా నాయన కాగితం చించి పారేసేవాడు. అరవైలలో, మద్రాసులో ప్రకటనలకు కార్టూను సినిమాలు తీసే ఒక చిన్న స్టూడియోలో బొమ్మలు గీసే మనిషి కావాలని తెలిసి నేను బయల్దేరితే, ఆయన ఆపలేదు గానీ, మొదటి బొమ్మను తాను తెర మీద చూసి మెచ్చకపోతే తిరిగొచ్చి అంచులు గీసుకోవాలని మాట తీసుకున్నాడు. నాకు మాత్రం ఆ అంచుల దగ్గరికి తిరిగి రావాలని లేదు.

స్టూడియోలో తలనూనె ప్రకటనకు నెమలిని నడిపించమన్నారు. కాగితానికో నెమలి గీసిస్తే, వరసగా ఫోటోలు తీసి ఆడిస్తారట. నడిపించే పని కెమెరాదే అనుకుని, వెంట్రుకవాసి తేడా లేకుండా కట్టలకు కట్టలు గీసిచ్చాను. తెర మీద వేస్తే ఏముంది, నెమలి నిలబడింది నిలబడినట్టే ఉంది! అందరూ పొట్టలు పట్టుకుని నవ్వారు. పెద్ద ఆర్టిస్టు మాత్రం, ప్రతి బొమ్మా దాని ముందు బొమ్మకన్నా కాస్త జరగాలయ్యా అని చెప్పి ఇంకొక్క అవకాశం ఇచ్చాడు. చెయ్యి వింటేనా, ఎంత జరుపుదామన్నా పాత చోటికే పోయేది. చివరికి, నాయన చించి పారేసిన కాగితాలన్నీ గుర్తు తెచ్చుకుని, చెడిపోయిన అంచులు గీస్తున్నానని మనసులో అనుకుంటూ మొదలుపెట్టాను. నెమలి నడిచింది, మెడ తిప్పింది, పురి విప్పింది. ఆ రోజు నా అంతటివాడు మద్రాసులోనే లేడనిపించింది.

సినిమాకు ముందు అలాంటి ప్రకటనలు వేసేవాళ్ళని మీకూ గుర్తుండే ఉంటుంది. మా నెమలి ప్రకటన హిందూపురం టాకీసుకు వచ్చిందని తెలిసి, ఊరికి పోయి నాయనను రైలెక్కించి తీసుకుపోయాను. మ్యాటినీలో నెమలి అలా వచ్చి ఇలా పోయింది. సినిమా అయ్యేదాకా నేను తెరను వదిలేసి ఆయన వైపే చూస్తూ కూర్చున్నాను. బయటికొచ్చాక, అది ఎలా కుదిరిందో ఉన్నదున్నట్టు చెప్పాను. ఆయన పగలబడి నవ్వాడు.

"అన్నీ తప్పుబోయిన నెమళ్ళేనంట్రా అవి? శానా బాగుండాయి. ఇంగోసారి చూసి పోదాం పా."

సాయంత్రం ఆటకు మళ్ళీ టికెట్లు కొన్నాడు. నెమలి మొదట్లోనే వచ్చి పోయినా, ఇంటర్వెల్లోనో ఆఖర్లోనో మళ్ళీ వేస్తారేమోనని చివరిదాకా సీట్లోంచి లేవలేదు. తిరుగు రైల్లో పెనుకొండ దాటేదాకా, మావాడు నెమలిని నడిపించినాడని పక్కవాళ్ళందరికీ చెప్తూనే ఉన్నాడు. అంచుల మాట మళ్ళీ ఎత్తలేదు.

ఇప్పుడు ఒక అడుగుకీ ఇంకో అడుగుకీ నడుమ వచ్చే ఆ బొమ్మలన్నీ కంప్యూటరే గీస్తుందట, మంచిదే, ఈ కాలం పిల్లలకు మాలాగా నడుములు పడిపోవు. సిగ్నలు వచ్చాక మనవరాలు నెమలిని వేలితో వెనక్కి జరిపి నాలుగైదుసార్లు చూసుకుని ఇంకో బొమ్మకు వెళ్ళిపోయింది. నాకు మాత్రం, ఇంకొక్కసారి కనబడుతుందేమోనని సినిమా అంతా కాచుకున్న మా నాయన పక్కన, ఆ చీకటి హాల్లో మళ్ళీ కూర్చోవాలని ఉంది.